పద్నాలుగు స్లీవులు

భూతద్దం అక్క గురించి రాయమని నన్నెవరూ అడగలేదు. విచారణ కమిటీవాళ్ళు రెండు వందల పేజీల నివేదిక రాశారు. అందులో ఆమె గురించి మూడంటే మూడు లైన్లున్నాయి. "తనిఖీదారు లోపాలను నమోదు చేయలేదు" అని మొదలై, "విధుల నుంచి తప్పించడమైనది" అని ముగుస్తాయి. ఒక మనిషి బతుకు మూడు లైన్లలో సరిపోతుందా? అది చదివి నాకు ఒళ్ళు మండింది. అందుకే ఈ నాలుగు ముక్కలూ రాస్తున్నాను.

నేను రాకెట్టు భాగాలు తయారుచేసే కార్ఖానాలో స్టోర్ కీపర్ని. కిటికీ అంత కౌంటరు వెనక ముప్పై ఏళ్ళు కూర్చున్నాను. చీటీ ఇస్తే సామాను ఇస్తాను, చీటీ లేకపోతే తిట్లు ఇస్తాను. అందరూ నన్ను బాబాయ్ అంటారు. నాకంటే రెండేళ్ళు పెద్దదైన భూతద్దం అక్క కూడా బాబాయ్ అనే పిలిచేది. నేను ఆమెని అక్కా అనేవాణ్ణి. ఈ చుట్టరికం ఏ వైపు నుంచి కలుస్తుందో ఇప్పటిదాకా ఎవరూ తేల్చలేదు.

రాకెట్టు అంటే పైకి వెళ్ళేది అనుకుంటారు అందరూ. ఉద్యోగంలో చేరిన మొదటి అయిదేళ్ళూ నేనూ అలాగే అనుకున్నాను. పైకి వెళ్ళడం దాని పనిలో చిన్న వాటా. అసలు పని పక్కకి పరిగెత్తడం. రాయిని పక్కకి విసిరితే కొంత దూరం వెళ్ళి కింద పడుతుంది. గట్టిగా విసిరితే ఇంకొంత దూరం వెళ్ళి పడుతుంది. గాలి లేనంత ఎత్తుకి తీసుకెళ్ళి, సెకనుకి ఏడెనిమిది కిలోమీటర్ల వేగంతో విసరగలిగితే, అది పడుతూనే ఉంటుంది, కానీ కింద భూమి కూడా గుండ్రంగా వంగిపోతూ ఉంటుంది కాబట్టి ఎప్పటికీ నేలని తాకదు. ఉపగ్రహం చేసేది అంతే, పడుతూ ఉండడం. అంత వేగం ఒక్క ఊపులో రాదు. అందుకే రాకెట్టుని అంతస్తులుగా కడతారు. మొదటి అంతస్తు దట్టమైన గాలిలోంచి తోసుకుంటూ వెళ్ళి, ఖాళీ అయి, ఊడిపోతుంది. ఆ బరువు వదిలించుకుని రెండోది అందుకుంటుంది. తర్వాత మూడోది. నాలుగోది అన్నిటికంటే చిన్నది, కానీ చివరి వేగం, చివరి దిశ ఇచ్చేది అదే. అక్కడ తేడా వచ్చిందంటే కింద మూడూ పడ్డ కష్టం మొత్తం సముద్రం పాలు.

ఆ నాలుగో అంతస్తు అడుగున మంట వెలువడే గొట్టం ఉంటుంది. దారి కొంచెం తప్పుతోందనిపిస్తే లోపలున్న కంప్యూటరు ఆ గొట్టాన్ని అటో ఇటో తిప్పమంటుంది. తిప్పడానికి రెండు ఇనప చేతులుంటాయి. ఒకటి కుడి ఎడమలకి, ఇంకొకటి పైకీ కిందకీ. ఒక్కో చేతికి ఒక్కో కేబులు. ఒకదాని మెడకి గుర్తుగా తెల్ల స్లీవు అనే తొడుగు, రెండోదానికి పసుపు స్లీవు. ఆ రెండు కేబుళ్ళూ మా హాల్లో, మూడో బల్ల మీద తయారయ్యేవి.

మూడో బల్ల దగ్గర ఇద్దరు కూర్చునేవాళ్ళు. తీగలు కట్ట కట్టి, మైనం పట్టించిన దారంతో వేలెడు దూరానికొక ముడి వేసేది దారం వదిన. ఆమె పక్కనే కూర్చుని, గుండ్రటి లైటు ఉన్న భూతద్దం దించుకుని ప్రతి ముడినీ చూసేది భూతద్దం అక్క. మా దగ్గర ఒక పద్ధతి ఉంది. ఒక చెయ్యి, ఒక కన్ను. చేసినవాళ్ళు ఒక సంతకం, చూసినవాళ్ళు ఒక సంతకం. చూసినవాళ్ళకి తప్పు కనబడితే లోపాల రిజిస్టర్లో నంబరు వేసి రాయాలి. ఆ నంబరు చీటీ మీద ఉంటేనే నేను రెండోసారి సామాను ఇవ్వాలి.

బంధువులు ఒకే బల్ల మీద పని చెయ్యకూడదని కూడా రూలుంది, ఒకరి తప్పు ఒకరు దాస్తారని. వీళ్ళిద్దరికీ ఏ చుట్టరికమూ లేదు. కానీ చేరిన మొదటి వారంలోనే ఆమె ఈమెని వదినా అంది, ఈమె ఆమెని వదినా అంది. "ఏమ్మా, బంధువులు పక్కపక్కన కూర్చోకూడదని తెలీదా?" అని సూపర్‌వైజరు వెక్కిరించేవాడు. "పెళ్ళిళ్ళు కుదరలేదు సార్, పిలుపులే కుదిరాయి" అనేది దారం వదిన. ఇరవై రెండేళ్ళు ఆ పిలుపులు అలాగే నడిచాయి.

దారం వదిన నోరు ఆగితే చెయ్యి ఆగేది. కొడుకు ముచ్చట్లు, కోడలి ముచ్చట్లు, ఇంటి మెట్లు ఎక్కలేకపోతున్న ముచ్చట, ముసలితనంలో చూపు మొత్తం పోయి మంచం పట్టిన తండ్రి ముచ్చట. ఆ తండ్రి మాట వచ్చినప్పుడు మాత్రం గొంతు తగ్గించేది. "మా నాన్నలా నా కళ్ళూ పోతే, ఈ హాల్లోంచి నన్ను మోసుకునే వెళ్ళాలి వదినా" అనేది. తర్వాత వెంటనే ఏదో అని నవ్వించేది. భూతద్దం అక్క తక్కువ మాట్లాడేది. "ఏం వదినా, చూస్తున్నావా, కునుకు తీస్తున్నావా?" అని దారం వదిన గిల్లితే, "నీ ముడులు చూస్తుంటే కునుకే వస్తుంది, పట్టుకుందామంటే తప్పు ఉండి చావదు" అనేది.

ఆ మాట చాలా ఏళ్ళు నిజం కూడా.

భూతద్దం అక్కకి ఇరవై తొమ్మిదో ఏట భర్త పోయాడు. పిల్లల్లేరు. ఒక గది, ఒక వంట చేసుకునే మూల, ఒక కుర్చీ. ఒకసారి జ్వరమొస్తే చూడ్డానికి వెళ్ళాను. నన్ను కుర్చీలో కూర్చోబెట్టి తను మంచం అంచున కూర్చుంది. రెండో కుర్చీ కొనుక్కోకూడదా అక్కా అంటే, ఎవరు కూర్చుంటారు బాబాయ్ అంది. సెలవు రోజంటే ఆమెకి గిట్టేది కాదు. సెలవు మర్నాడు అందరికంటే ముందు వచ్చి, బల్ల తుడిచి, వదిన స్టూలు ఎత్తు సరిచేసి పెట్టేది. ఆమెకి రోజు మొదలయ్యేది ఆ స్టూలు మీద ఇంకో మనిషి వచ్చి కూర్చున్నాకే.

ఇదంతా బయటపడడానికి రెండేళ్ళ ముందు ఒక మధ్యాహ్నం, అందరూ భోజనాలకి వెళ్ళిన వేళ, ఆమె నా కౌంటరు దగ్గరకొచ్చింది.

"బాబాయ్, ఒక తెల్ల స్లీవు కావాలి."

"చీటీ?"

"లేదు."

"చీటీ లేకపోతే ఏమిస్తానో తెలుసుగా?"

"తిట్లు ఇవ్వు. వాటితో పాటు స్లీవు కూడా ఇవ్వు."

నవ్వొచ్చింది. స్లీవు అంటే తీగ మీద తొడిగే రంగు గొట్టం. వేడి గాలి తగిలితే ముడుచుకుని తీగని గట్టిగా పట్టేసుకుంటుంది. ఇక అది ఊడదు, కోసి పారేసి కొత్తది తొడగాల్సిందే. కత్తిరించగా మిగిలిన ముక్కలు నా దగ్గర ఒక డబ్బాలో ఉండేవి, వాటికి లెక్క లేదు. అందులోంచి ఒకటి తీసిచ్చాను. "చూసే మనిషివి, నీ చేతిలో పాడవడమేంటక్కా? నీ చూపుకి చేతులు మొలిచాయా?" అన్నాను. "వయసైపోతోంది బాబాయ్" అంది. నిజమేననుకున్నాను. తర్వాత కూడా నెలకో రెండు నెలలకో వచ్చేది. ఒకసారి తెలుపు, ఒకసారి పసుపు. వచ్చినప్పుడల్లా ఆమె చేతులు వణుకుతున్నాయని నేను ఆటపట్టించేవాణ్ణి. పక్కనున్నవాళ్ళు కూడా నవ్వేవాళ్ళు. ఆమె స్లీవు తీసుకుని వెళ్ళిపోయేది.

అసలు జరిగిందేమిటో నాకు తెలిసేసరికి చాలా ఆలస్యమైంది. మొదటిరోజు దారం వదిన తెల్లది తొడగాల్సిన చోట పసుపుది తొడిగింది. పొరపాటనుకుంది అక్క. వదిన భోజనానికి వెళ్ళగానే కోసేసి, సరైనది తొడిగేసింది. నెల తర్వాత మళ్ళీ అదే. అప్పుడు రెండు ముక్కలు బల్ల మీద పెట్టి, ఏమీ ఎరగనట్టు, "వదినా, ఆ తెల్లది ఇటు అందుకో" అంది. దారం వదిన కబుర్లు చెబుతూనే పసుపుది తీసి చేతిలో పెట్టింది. అప్పుడు అక్కకి వదిన తండ్రి కథ గుర్తొచ్చింది. వదిన కళ్ళు పోతున్నాయని తేల్చేసుకుంది.

ఆ సంగతి దారం వదినకే తెలీదు. రంగులు కొద్దికొద్దిగా తగ్గిపోతుంటే మనిషికి తెలియదట, లోకమే కాస్త పాతబడింది అనిపిస్తుందట. ఏడాదికోసారి కంటి పరీక్ష పెట్టేవాళ్ళు, కానీ అందులో అక్షరాలు చదివించడమే, రంగులు చూపించేది ఉద్యోగంలో చేరేటప్పుడు ఒక్కసారే. కళ్ళద్దాలు పెట్టుకుని ఆమె అక్షరాలు గడగడా చదివేసేది.

రిజిస్టర్లో రాస్తే ఆ రోజే ఆమెని బల్ల మీదనుంచి లేపేస్తారు. అందుకని భూతద్దం అక్క రాయలేదు. రోజూ భోజనాల వేళ తన అన్నం మానుకుని వదిన పని మొత్తం మళ్ళీ చూసేది. తప్పుంటే దిద్దేది. ఆ హాల్లోంచి ఆ రెండేళ్ళలో ఒక్క తప్పు కేబులు కూడా బయటికి వెళ్ళలేదు. అంత జాగ్రత్తగా చూసింది.

ఇక మా మేనేజరు ఘనత చెప్పాలి. ఆయన చెడ్డవాడు కాదు, అదే వచ్చిన చిక్కు. రిజిస్టర్లు ముందేసుకుని కూర్చుని, ఏ బల్ల మీద ఎన్ని తప్పులో పట్టిక గీశాడు. కొత్తగా చేరినవాళ్ళ బల్లల మీద తప్పులు కుప్పలు. మూడో బల్ల మీద అయిదేళ్ళలో సున్నా. "తప్పు చెయ్యని మనిషి పక్కన మనకున్న మంచి కన్నుని కట్టేసి కూర్చోబెట్టాం, ఇదేం తెలివి?" అన్నాడు. దారం వదిన పనికి ఇకనుంచి ఆమె సంతకం ఒక్కటే చాలన్నాడు. భూతద్దం అక్కని కొత్తవాళ్ళ బల్లకి మార్చాడు. దారం వదిన ఫోటో నోటీసు బోర్డు మీద పెట్టి, కింద "లోపాలు: సున్నా" అని అచ్చు వేయించాడు. ఆ ఫోటో ముందు ఆవిడ నిలబడి, కొడుకుని రప్పించి మరీ చూపించింది. ఇరవై రెండేళ్ళ కష్టానికి దక్కిన మర్యాద అది. ఆ పట్టికలో ఉన్న సున్నా ఎవరు తయారుచేశారో ఆమెకి తెలీదు, మేనేజరుకి తెలీదు, నాకూ తెలీదు. బల్ల మారినా భోజనాల వేళ వచ్చి వదిన పని చూడడం మాత్రం భూతద్దం అక్క మానలేదు.

ఆ సాయంత్రం భూతద్దం అక్క కౌంటరు దగ్గరకొచ్చి ఊరికే నిలబడింది. స్లీవు అడగలేదు. "బాబాయ్, నీతో ఒక మాట మాట్లాడాలి" అంది. నాకు ఆ రోజు సరుకు సరిచూసే పని. నట్టు ఒకటి తక్కువొచ్చి తల తిరుగుతోంది. "రేపు రా అక్కా, ఇప్పుడు నా తల తినకు" అన్నాను. సరేనని వెళ్ళింది. మర్నాడు రాలేదు, నేనూ అడగలేదు. ఒక నట్టు కోసం ఆ మాట పోగొట్టుకున్నాను. ఇప్పుడు తలుచుకుంటే నన్ను నేనే కొట్టుకోవాలనిపిస్తుంది.

కేబుళ్ళు హాల్లో తయారవడంతో కథ అయిపోదు. నాలుగో అంతస్తుని ప్రయోగ వేదిక దగ్గర మిగతా వాటి మీద ఎక్కించాక, ఆ రెండు కేబుళ్ళనీ చివరిసారి అక్కడే కలపాలి. తెల్ల స్లీవు ఉన్నది తెల్ల రింగున్న సాకెట్లో, పసుపుది పసుపు దాంట్లో. రెండు సాకెట్లూ ఒకటే సైజు, అటుది ఇటు పెట్టినా చక్కగా కూర్చుంటుంది. అప్పటికి పరీక్షలన్నీ అయిపోయి ఉంటాయి. ఆ గొట్టాన్ని అక్కడ మళ్ళీ తిప్పి చూసే వీలుండదు. కలపడం, ఫోటో తియ్యడం, మూత బిగించడం, అంతే. ఆ ఫోటోలు కూడా ఫైల్లోకి వెళ్తాయి, ఏదైనా జరిగితే తప్ప ఎవరూ తెరవరు. కట్టిన చేతులే కలపాలని ఆనవాయితీ, కాబట్టి దారం వదినే వెళ్ళాలి.

వెళ్ళే రోజు పొద్దున్న భూతద్దం అక్క సూపర్‌వైజరు దగ్గరకి వెళ్ళింది. నేను అక్కడే ఉన్నాను.

"సార్, నేనూ వదినతో వెళ్తాను."

"ఎందుకమ్మా? లోపల ఒక మనిషికే చోటు. ఆమె పనికి రెండో సంతకం అక్కర్లేదు కదా ఇప్పుడు."

"ఊరికే సార్. ఇన్నేళ్ళూ కలిసే వెళ్ళాం."

దారం వదిన తెల్ల కోటు గుండీలు పెట్టుకుంటూ నవ్వింది. "ఏం వదినా, నా మీద నమ్మకం లేదా?"

నలుగురూ భూతద్దం అక్క వైపు చూశారు. ఆమె పెదాలు కదిలాయి. చెప్పెయ్యడానికి అదే సమయం. అంతకంటే మంచి సమయం మళ్ళీ రాదు. "నీ మీద కాకపోతే ఇంకెవరి మీద ఉంటుంది వదినా" అంది.

ప్రయోగం పొద్దున తొమ్మిదింటికి. మేమంతా క్యాంటీన్లో టీవీ ముందు నిలబడ్డాం. మొదటి అంతస్తు ఊడినప్పుడు చప్పట్లు. రెండోది ఊడినప్పుడు చప్పట్లు. మూడోదానికి దారం వదిన, భూతద్దం అక్క భుజం పట్టుకుని ఊపేసింది. నాలుగోది వెలిగింది. తెర మీద ఆకుపచ్చ గీత, అది వెళ్ళాల్సిన దారి. దాని మీదే ఎర్ర చుక్క, అది వెళ్తున్న దారి. కాసేపటికి ఎర్ర చుక్క గీత దిగింది. కంప్యూటరు కుడికి తిప్పమంటే గొట్టం పైకి తిరుగుతోంది. ఇంకా తిప్పమంటే ఇంకా పైకి తిరుగుతోంది. దిద్దుకోవాలని చూసిన కొద్దీ చెడిపోయింది. రాకెట్టు తలకిందులుగా దొర్లింది. కావలసిన వేగం రాలేదు. రాకపోతే ఏమవుతుందో ముందే చెప్పాను, రాయిలా పడుతుంది. తుపానులు ఎటు తిరుగుతాయో పైనుంచి చూసి చెప్పడానికి ఎవరెవరో ఎనిమిదేళ్ళు కూర్చుని చేసిన ఉపగ్రహం, పావుగంటలో సముద్రంలో పడిపోయింది. దారం వదిన పైట నోట్లో కుక్కుకుని ఏడ్చింది. భూతద్దం అక్క ఏడవలేదు. గోడకి ఆనుకుని అలాగే నిలబడింది.

మూడు వారాలకి విచారణ కమిటీ వచ్చింది. పొడుగాటి బల్ల, అటువైపు అయిదుగురు, మధ్యలో తెల్ల గడ్డం పెద్దాయన. మా హాలు వాళ్ళందరినీ గోడవారగా కూర్చోబెట్టారు. మూత బిగించేముందు తీసిన ఫోటోని గోడంత పెద్దది చేసి చూపించారు. పసుపు స్లీవు తెల్ల రింగులో ఉంది. తెల్ల స్లీవు పసుపు రింగులో ఉంది. చిన్నపిల్లలు కూడా చెప్పేస్తారు.

"ఇది మీరు కలిపిందేనా?" అనడిగాడు పెద్దాయన.

దారం వదిన లేచి ఫోటో దగ్గరిదాకా వెళ్ళి చూసింది. ఆమె మొహం తేటపడింది. "నేను కలిపిందే సార్. ఇదిగో, తెలుపు తెలుపులోనే ఉంది కదా. నా తప్పేం లేదు, మీరే చూడండి" అంది.

"అమ్మా, ఇది నవ్వులాట కాదు" అన్నాడు పెద్దాయన.

"నేనెక్కడ నవ్వుతున్నాను సార్?"

చివరి కుర్చీలో ఉన్న కుర్ర ఇంజనీరు పక్కవాడితో, "కళ్ళముందు ఫోటో పెట్టుకుని ఎలా బొంకుతోందో చూడు" అన్నాడు. అందరికీ వినబడింది. దారం వదినకీ వినబడింది. ఆమె బిక్కచచ్చిపోయి చుట్టూ చూసింది. చూసి చూసి, గోడవారనున్న భూతద్దం అక్క దగ్గర ఆగింది.

"వదినా, నువ్వు చెప్పు. నువ్వు చెబితే నమ్ముతారు. ఇరవై రెండేళ్ళు నా పని చూశావు. ఒక్క తప్పు పట్టావా?"

భూతద్దం అక్క లేచి నిలబడింది. పట్టలేదు అంటే వదిన అబద్ధాలకోరు అవుతుంది, పొగరుతో పని పాడుచేసిన మనిషని ముద్ర పడుతుంది. పట్టాను అంటే ఆ నోటీసు బోర్డు మీది సున్నా పోతుంది, వదినా పోతుంది. నేను ఆమె పక్కనే ఉన్నాను. ఆమె చేతులు ఆ రోజు నిజంగానే వణికాయి.

"పట్టాను వదినా" అంది.

"ఏంటీ?"

"పద్నాలుగు సార్లు. రెండేళ్ళ నుంచి." తర్వాత పెద్దాయన వైపు తిరిగింది. "ఆమె బొంకడం లేదు సార్. ఆమెకి తెలుపూ పసుపూ ఒకేలా కనబడుతున్నాయి. ఆ సంగతి ఆమెకి తెలీదు. నాకు తెలుసు. దిద్దుకుంటూ వచ్చాను, రాయలేదు. చెప్పాల్సింది నేను. నేను చెప్పలేదు."

నేనూ లేచి, ఆ పద్నాలుగు స్లీవులూ చీటీ లేకుండా ఇచ్చింది నేనేనని చెప్పాను. నాకొక మెమో ఇచ్చి వదిలేశారు.

ఎందుకు చెప్పలేదని అడిగితే, వదిన బాధపడుతుందని అంది అక్క. అందరూ ఇంకా ఏవేవో అడుగుతున్నారు, రాసుకుంటున్నారు. దారం వదిన మాత్రం ఆ గోడ మీది ఫోటో దగ్గరే నిలబడి ఉంది. తన బొమ్మ కింద అచ్చేసిన సున్నా ఎలా వచ్చిందో ఆమెకి ఆ క్షణాన అర్థమైంది. సిగ్గు, కోపం కలిసి ఆమె మొహం నల్లబడిపోయింది. తన సంచీ తీసుకుని, ఎవరివైపూ చూడకుండా బయటికి నడిచింది. ఆమెని కంటి ఆసుపత్రికి పంపించారు, ఆ తర్వాత ముందస్తు విరమణ ఇచ్చి ఇంటికి పంపేశారు. భూతద్దం అక్కని ఉద్యోగంలోంచి తీసేశారు.

సాకెట్ల సైజులు మార్చేశారు. ఇప్పుడు తప్పుగా పెడదామన్నా దూరదు. ఇంత చిన్న పని ముప్పై ఏళ్ళపాటు ఒక్క పెద్ద బుర్రకీ తట్టలేదు, మనుషుల చూపు మీద వదిలేసి కూర్చున్నారు. ఏడాది తిరిగాక అలాంటి ఉపగ్రహాన్నే మళ్ళీ కట్టడానికి పూనుకున్నారు. ఎప్పటికో ఒకప్పుడు అదీ పైకి వెళ్తుంది. ఆ సంగతి ఇక్కడే చెప్పేస్తున్నాను, నేను రాయడానికి కూర్చున్నది దాని గురించి కాదు కాబట్టి.

విచారణ అయిన మూడు నెలలకి భూతద్దం అక్క మా ఇంటికొచ్చింది. సగం అయింది మనిషి. "వదిన ఇంటికి నాలుగుసార్లు వెళ్ళాను బాబాయ్. లేదంటున్నారు. నువ్వు తోడొస్తే లోపలికి రానిస్తారేమో" అంది. ఆదివారం పొద్దున్న వెళ్ళాం. రెండో అంతస్తు. కోడలు తలుపు తీసి, నన్ను చూసి, అడ్డు తప్పుకుంది.

దారం వదిన కిటికీ పక్కన కూర్చుని ఉంది. బల్ల మీద కంట్లో వేసుకునే చుక్కల మందు సీసాలు మూడు. కళ్ళద్దాలు లేవు. మమ్మల్ని చూసి లేవలేదు, పొమ్మని కూడా అనలేదు. భూతద్దం అక్కని పైనుంచి కిందిదాకా చూసింది.

"ఆ చీర నీలం అనుకునేదాన్ని కాదు" అంది. "ఇన్నాళ్ళూ నల్లదనుకున్నాను."

అక్క నిలబడే ఉంది. "కళ్ళు బాగున్నాయా వదినా?"

"బాగున్నాయి." ఒక మందు సీసా పక్కకి జరిపింది. "పద్నాలుగు సార్లు. ఒక్కసారైనా నాకు చెప్పాలనిపించలేదా?"

"అనిపించింది."

"నేను బాధపడతానని ఆగావా?"

అవునంటుందనుకున్నాను. నేనైతే అవుననే అనేవాణ్ణి.

"కాదు వదినా. కమిటీ వాళ్ళకి అలాగే చెప్పాను. అది నిజం కాదు. నీ కళ్ళు మీ నాన్నవి లాగే పోతున్నాయనుకున్నాను. చెబితే నిన్ను ఇంటికి పంపేస్తారు. నువ్వు పోతే పక్క స్టూలు ఖాళీ అయిపోతుంది. పొద్దున్న లేచి నేనెక్కడికి వెళ్ళను? నా కోసమే చెప్పలేదు." ఆమె ఏడుపు అప్పుడొచ్చింది. క్యాంటీన్లో రానిది, కమిటీ ముందు రానిది, అప్పుడు వచ్చింది.

దారం వదిన ఓదార్చలేదు. కిటికీ వైపు తిరిగి మాట్లాడింది, గొంతులో కోపం లేదు. కోపం ఉన్నా బాగుండేది.

"మా నాన్న జబ్బు కాదట వదినా. శుక్లాలట. ఒక్కో కంటికి అరగంట పని. రెండేళ్ళ కిందటే రావాల్సిందమ్మా అన్నాడు డాక్టరు. అరగంట. ఒక నెల ఇంట్లో కూర్చుని, మళ్ళీ వచ్చి నీ పక్కనే కూర్చునేదాన్ని."

ఆ తర్వాత లేచి లోపలి గదిలోకి వెళ్ళింది. మేం కాసేపు చూశాం. కోడలు వచ్చి, "పడుకున్నారండీ" అంది.

మెట్లు దిగుతూ భూతద్దం అక్క, "అరగంటేనా బాబాయ్?" అనడిగింది. అవునటక్కా అన్నాను. వీధి మలుపు దగ్గర ఆగి మళ్ళీ అడిగింది. బస్సులో కూర్చున్నాక కిటికీలోంచి బయటికి చూస్తూ మళ్ళీ అడిగింది. ప్రతిసారీ అవుననే చెప్పాను.